నీచు అని ముక్కు మూసుకున్నవాళ్ళకు

పట్నంలో పెద్ద హోటళ్ళ మెనూ కార్డుల మీద ఇప్పుడు ఒక వంటకం కనబడుతోంది. చేప కడుపు చీల్చి, అందులో మసాలా ముద్ద కూరి, అరటాకులోనో వెండిలా మెరిసే రేకులోనో చుట్టి, ఒవెన్‌లో కాల్చి, పక్కన ఒక నిమ్మచెక్క పెట్టి తెస్తారు. పేరు ‘స్టఫ్డ్ బేక్డ్ ఫిష్’. టీవీలో వంటలు చెప్పేవాళ్ళు దీన్ని సులువైన విందు అంటున్నారు, సొగసైన విందు అంటున్నారు. ఇంటికి పెద్దవాళ్ళెవరైనా భోజనానికి వస్తే ఇది వడ్డిస్తే హుందాగా ఉంటుందట.

సంతోషం. చేపకు హుందాతనం వచ్చినందుకు మాకేమీ అభ్యంతరం లేదు. ఏజెన్సీ బడుల్లో పాఠాలు చెప్పుకునే ఆదివాసీ పంతుళ్ళం మేము. మా ప్రశ్న వేరు. అదే చేపను, అదే తీరున, కడుపులో చింతచిగురు కూరి, అడ్డాకులో చుట్టి, నిప్పుల్లో కప్పెట్టి కాల్చుకు తిని బడికొచ్చిన పిల్లను ‘నీచు వాసన’ అని చివరి బెంచీకి పంపింది ఎవరు? ఆ పిల్ల సెలవులకు ఇంటికి పోయి, అమ్మ ఆకు విప్పి పెడితే ‘నాకొద్దు, వాసన’ అని మొహం తిప్పుకునేలా చేసింది ఎవరు? ఒవెన్ లోంచి వస్తే సొగసు, బూడిద లోంచి వస్తే నీచు. ఈ కొలత ఎవరి చేతిలో ఉంది?

నీచు అనే మాటనే చూడండి. మాంసానికీ చేపకూ, వాటి వాసనకూ తెలుగులో వాడే మాట అది. ‘ఇవాళ మేం నీచు ముట్టం’ అంటారు. ‘ఆ గిన్నె నీచుది, వేరే పెట్టు’ అంటారు. తక్కువవాడికి వాడే మాట నీచుడు, తక్కువ పనికి వాడే మాట నీచం. వ్యాకరణం ఏం చెప్పినా సరే, తొమ్మిదేళ్ళ పిల్ల చెవికి ఈ రెండూ ఒకే మాట. ఇంట్లో కోయలోనో కువిలోనో మాట్లాడుకుని బడికి వచ్చి తెలుగు నేర్చుకునే పిల్ల, తన తిండికి తెలుగులో ఉన్న పేరు తిట్టు అని కూడా ఆ గదిలోనే నేర్చుకుంటుంది. ఏ వాచకంలోనూ లేని పాఠం ఇది. అయినా ఏ పిల్లా మరిచిపోదు.

అసలు ఆ వంట ఏమిటో ముందు చెప్పుకుందాం. మన యువతీ యువకుల్లో చాలామంది చిన్నప్పుడే హాస్టల్‌కు పోయి, పద్దెనిమిదేళ్ళకు తిరిగి వచ్చినవాళ్ళు. వాళ్ళకు ఆకు చేప తిన్న గుర్తు ఉంటుంది గాని, చేసే తీరు చేతికి వచ్చి ఉండదు.

అరకిలో నుంచి ముప్పావు కిలో దాకా ఉన్న చేప దీనికి మంచిది. కొర్రమీను దొరికితే అంతకంటే కావలసింది లేదు, ముళ్ళు తక్కువ, కండ గట్టి. శీలావతి అయినా సరే. పొలుసు గీకాలి, మొప్పలు తీసేయాలి. కడుపు మరీ పెద్దగా కోయకూడదు. రెండు వేళ్ళు పట్టేంత చీరి పేగులు లాగేయాలి. అక్కడ చేదుతిత్తి పగలకుండా చూసుకోవడమే పనితనం. పగిలిందా, చేపంతా చేదు. పొయ్యి బూడిదతో జిగురు పోయేదాకా రుద్ది, ఉప్పువేసి రెండు మూడు నీళ్ళు కడగాలి. పక్కల మీద ఏటవాలుగా మూడేసి గాట్లు పెట్టాలి.

కూరేది కాలాన్ని బట్టి ఉంటుంది. వేసవి మొదట్లో చింతచిగురు. తరువాత పుల్ల మామిడికాయ కోరు. వానల్లో కొత్త చింతపండు ఉండదు, పాతదే నానబెట్టి గుజ్జు తీస్తారు. పుల్లనిది ఏదో ఒకటి ఉండాలి, అది తప్పదు. దానికి పచ్చిమిరపకాయలు, వెల్లుల్లి, అల్లం, పసుపుకొమ్ము, ఉప్పు. అన్నీ బండ మీద కచ్చాపచ్చాగా నూరాలి, మెత్తగా కాదు. మెత్తగా నూరితే నీరై కారిపోతుంది. కడుపులో సగం, గాట్లలో సగం పట్టించి, కాసేపు పక్కన పెట్టాలి. ఆ తరువాత అడ్డాకులు మూడు నాలుగు పొరలు పరిచి, చేపను పడుకోబెట్టి, పొట్లంలా మడిచి, అడ్డతీగ నారతోనే కట్టాలి. ఆకు ఏ తీగదో నారా ఆ తీగదే. ఒక్క నూనె చుక్క లేదు.

మంట మీద పెట్టేది కాదు ఇది. మంట తగ్గి నిప్పులు కణకణలాడుతూ, పైన తెల్లటి బూడిద పట్టేదాకా ఆగాలి. నిప్పులు పక్కకు జరిపి, వేడి బూడిదలో పొట్లం పెట్టి, పైన మళ్ళీ బూడిద, ఆ పైన నిప్పులు. అరగంట. మధ్యలో ఒకసారి తిప్పాలి. పై ఆకు నల్లగా కాలిపోతుంది, రెండో ఆకు గోధుమ రంగుకు వస్తుంది, చేపను అంటి ఉన్న ఆకు మాత్రం ఇంకా పచ్చిదనం వదలకుండా ఉంటుంది. ఆ లోపలి ఆకును చూసే మా పెద్దవాళ్ళు వంట కుదిరిందో లేదో చెప్పేవాళ్ళు. ఏటి ఒడ్డున అయితే మగవాళ్ళే ఇదంతా చేస్తారు. ఇంటికి వచ్చేసరికి మాత్రం ఎందుకో అది ఆడవాళ్ళ పని అయిపోతుంది. దాని మీద కూడా ఎవరైనా ఒక వ్యాసం రాయాలి.

ఇప్పుడు ఒవెన్ వంటను దీని పక్కన పెట్టండి. దాని వేడి సుమారు 180 నుంచి 200 డిగ్రీలు, సమయం ఇరవై అయిదు నిమిషాలు, అటూ ఇటూగా. రేకులో చుట్టేది దేనికి? చేపలోని నీరు బయటికి పోకుండా ఆవిరయి, ఆ ఆవిరిలోనే కండ ఉడకడానికి. మా ఆకు చేసేదీ అదే. పైన బూడిద పొర దేనికి? నిప్పు వేడి నేరుగా తగలకుండా, నిదానంగా నలువైపులా ఒకేలా పాకడానికి. ఒవెన్ పెట్టె చేసేదీ అదే. పులుపు చేప కండను బిగిస్తుంది, వాసనను అణుస్తుంది. వాళ్ళ నిమ్మకాయ, మా చింతచిగురు, రెండూ చేసే పని ఒకటే. ఆవిరి, ఉష్ణ ప్రసారం, ఆమ్లం, మాంసకృత్తులు గట్టిపడటం, ఇన్ని పాఠాలు ఒక్క పొట్లంలో ఉన్నాయి. మన పిల్లలకు ఇవే పాఠాలు చెప్పడానికి ప్రెషర్ కుక్కర్ బొమ్మ వేస్తున్నారు, ఇంట్లో ప్రెషర్ కుక్కర్ లేని పిల్లలకు.

చేపను ఆకులో చుట్టి వండటం ప్రపంచంలో మేమొక్కరమే కనిపెట్టామని అనడం లేదు. పార్సీలు పెళ్ళిళ్ళలో పత్రా నీ మచ్ఛీ పెడతారు, కొబ్బరి, కొత్తిమీర పచ్చడి పట్టించి అరటాకులో చుట్టిన చేప అది. బెంగాలీలకు ఆవముద్దతో చేసే భేట్కీ పాతూరి ఉంది. కేరళలో కరిమీన్ పొళ్ళిచ్చదు ఉంది, దానికోసమే కుమరకం పోయేవాళ్ళున్నారు. ఎక్కడో అమెజాన్ అడవుల్లో, పెరూ దేశంలో, ఆదివాసులు ఆకులో చుట్టి నిప్పుల మీద కాల్చే చేపకు పతరాష్క అని పేరు. మనం చెప్పదలచింది ఒక్కటే. పార్సీ వంటకు పార్సీ పేరు నిలిచింది. బెంగాలీ వంటకు బెంగాలీ పేరు నిలిచింది. ఆ పేరు వెంట ఆ మనుషుల పట్ల గౌరవం కూడా నడిచివచ్చింది. మన వంట మాత్రం పేరు లేకుండా, ఊరు లేకుండా, ‘ట్రైబల్ స్టైల్’ అనే మాట కింద అమ్ముడుపోతోంది.

‘ట్రైబల్ స్టైల్’ అంటే ఏ తెగ? ఏ కొండ? కొండరెడ్డి చేసేదీ, కోయ చేసేదీ, బగత చేసేదీ, కోందు చేసేదీ ఒకటే ఎలా అవుతుంది? ‘తెలుగు స్టైల్’ అని రాసి గోదావరి పులుసునూ తెలంగాణ పులుసునూ ఒకే గిన్నెలో పోస్తే ఊరుకుంటారా?

బొంగు చికెన్ కథ మన కళ్ళ ముందే జరిగింది. వెదురు బొంగులో మాంసం కూరి నిప్పుల్లో కాల్చడం అడవిలో గిన్నె మోసుకుపోలేని మనుషుల తెలివి. ఇవాళ అరకు రోడ్డు పొడుగునా, మారేడుమిల్లి రోడ్డు పొడుగునా అదే వ్యాపారం. అందులో మన ఇంటి ఆడవాళ్ళు, మన కుర్రవాళ్ళు నాలుగు రాళ్ళు సంపాదించుకుంటున్నారు, దాన్ని తక్కువ చేయం. కానీ ఆ రోడ్డు పక్కనే ఉన్న పెద్ద బసల సంగతేమిటి? షెడ్యూల్డ్ ప్రాంతంలో భూమి గిరిజనేతరుల చేతికి పోకూడదని 1959 నాటి నిబంధన ఉంది, దాన్ని బిగించిన 1970 నాటి 1/70 ఉంది. అయినా ఎవరి పేరు మీదో భూమి, ఎవరి డబ్బో పెట్టుబడి, ఎవరిదో లాభం. మన పిల్లవాడు అక్కడ నడుముకు ఈకల గుడ్డ కట్టుకుని బొంగు తిప్పుతూ నిలబడతాడు. ఈకలు మన తెగల్లో ఎవరు కట్టుకున్నారు? సినిమాలో చూసి తెచ్చింది అది. రేపు ఆకు చేపకూ ఇదే గతి.

ఇక్కడ మనవాళ్ళే కొందరు అడ్డు చెబుతారు. ‘ఇన్నాళ్ళూ మన తిండిని చీదరించుకున్నారు, ఇప్పుడు మెచ్చుకుంటున్నారు కదా, దానికీ ఏడుపేనా?’ అని. చదువుకున్న తమ్ముళ్ళే ఈ మాట అంటున్నారు. వాళ్ళకు జవాబు చెప్పాలి. మెచ్చుకోవడం వేరు, ఒప్పుకోవడం వేరు. ఒడిశాలో మయూర్‌భంజ్ ఆదివాసుల ఎర్రచీమల పచ్చడికి 2024 జనవరిలో భౌగోళిక గుర్తింపు వచ్చింది. చీమలు తింటారని నవ్విన నోళ్ళు అప్పుడు మూతపడ్డాయి. దాని పేరులో ఆ ఊరు ఉంది, ఆ మనుషులు ఉన్నారు. అలాంటి గుర్తింపును మేం కాదనం. కానీ ఒక్క మాట. పచ్చడికి గుర్తింపు ఇచ్చి చీమలున్న చెట్టు నరికేస్తే ఆ కాగితం దేనికి? చేపకు సొగసు ఇచ్చి ఏరు తీసుకుంటే?

అసలు గొడవ ఏరు దగ్గరే ఉంది.

ఆకు చేప సులువైన వంట అని వాళ్ళు రాస్తున్నారు. నిజమే, ఒకప్పుడు మాకూ సులువే. ఇంటి వెనక వాగు, వాగులో వెదురుతో అల్లిన మావు, గట్టున అడ్డతీగ, పెరట్లో చింతచెట్టు. డబ్బు పెట్టి కొనేది ఉప్పు ఒక్కటే. ఇప్పుడు లెక్క వేయండి. పోలవరం కింద గోదావరి ఒడ్డున దేవీపట్నం మండలంలో ఊళ్ళకు ఊళ్ళు ఖాళీ అయ్యాయి. 2014లో ఏడు మండలాలను ఖమ్మం జిల్లా నుంచి విడదీసి ఆంధ్రలో కలిపింది ఎందుకో అందరికీ తెలుసు. 45.72 మీటర్ల ఎత్తుకు నీళ్ళు నిలబెడితే మునిగేది ఇళ్ళూ పొలాలే కాదు. కాలనీకి పోయినవాళ్ళకు ఇల్లు లెక్కపెట్టారు, భూమి లెక్కపెట్టారు, చెట్లు కూడా కొన్నిచోట్ల లెక్కపెట్టారు. వారానికి రెండుసార్లు ఇంటికి వచ్చే చేపను ఏ వరసలో రాశారు? చేపల గుండాన్ని ఏ వరసలో రాశారు? రాయలేదు. దానికి పట్టా లేదు కదా.

ఇవాళ ఆ కాలనీల్లో చేప కావాలంటే ఐసు పెట్టెలో ఆటో మీద రావాలి. కొల్లేరు వైపు చెరువుల్లో మేత వేసి పెంచిన బొచ్చె, శీలావతి అది. చెడ్డదని అనం, దానికి మాత్రం డబ్బు పెట్టాలి. వాగులో దొరికే చిన్న పరిగెలు ఐసు పెట్టెలో రావు, వాటికి గిరాకీ లేదు గనక. ముళ్ళతో సహా నమిలి తినే ఆ చిన్న చేపల్లోనే ఎదిగే పిల్లల ఎముకలకు కావలసిన సున్నం ఉంది. మన పిల్లలకు రక్తం లేదని, ఎముకలు గట్టిగా లేవని మాత్రలు పంచుతారు. మాత్రలు పంచనీయండి, మంచిదే. కానీ ఇంతకు ముందు ఊరికే దొరికిన మందును ఎవరు తీసుకుపోయారో కూడా అడగాలి కదా. హాస్టల్ మెనూలో గుడ్డు ఉంది, కోడికూర ఉంది. గోదావరికి, శబరికి, సీలేరుకు కూతవేటు దూరంలో ఉన్న హాస్టళ్ళలో కూడా చేప ఎందుకు లేదు? ముళ్ళు గుచ్చుకుంటాయనే జవాబు మేం విన్నాం. ముళ్ళు తీసుకు తినడం మూడేళ్ళకే నేర్చిన పిల్లలు వీళ్ళు.

తమ్ముళ్ళకు, చెల్లెళ్ళకు ఒక కటువైన మాట చెప్పాలి. ఏరును బయటివాళ్ళే పాడుచేయడం లేదు. బ్లీచింగ్ పొడి కలిపి మడుగులో పోసేది, తూటాలు పేల్చేది మన ఊరి కుర్రవాళ్ళే. ఒక్క గంటలో బస్తాడు చేప తేలుతుంది, తల్లీ పిల్లా అన్నీ చచ్చి. మరుసటి ఏడాది ఆ మడుగులో ఏమీ ఉండదు. కొత్తనీటికి ఎదురెక్కి గుడ్లు పెట్టబోయే చేపను దారి కాసి పట్టేదీ మనమే అయితే, పట్నంవాళ్ళను తిట్టడానికి నోరెక్కడిది? వాళ్ళ రుచి కోసం మన రుచి అమ్ముకోవద్దని చెప్పేవాళ్ళం, మన ఏరును మనమే చంపుకోవద్దని కూడా చెప్పాలి. పెద్దవాళ్ళు ఫలానా మడుగు జోలికి పోకూడదని, అక్కడ దేవత ఉందని చెప్పేవాళ్ళు. ఆ మాటకు నవ్వకండి. గుడ్లు పెట్టే చోటు కాపాడుకోవడానికి అంతకంటే చవకైన చట్టం లేదు.

చట్టం అన్నాం గనక రాసి ఉన్న చట్టం సంగతి కూడా చూద్దాం. 1996 నాటి పెసా చట్టం చిన్న నీటి వనరుల ప్రణాళిక, నిర్వహణ షెడ్యూల్డ్ ప్రాంతాల్లో పంచాయతీలకు అప్పగించాలంటుంది. 2006 నాటి అటవీ హక్కుల చట్టం మూడో సెక్షన్‌లో సామూహిక హక్కుల కింద చేపలు, నీటి వనరుల్లో దొరికే ఇతర ఉత్పత్తులు అని పేరు పెట్టి రాసి ఉంది. ఆ చట్టం అభయారణ్యాలకూ, నేషనల్ పార్కులకూ కూడా వర్తిస్తుంది. పాపికొండల్లో ‘ఇది పార్కు, గాలం వేయకూడదు’ అని బెదిరించే గార్డుకు చూపించవలసిన పేజీ అది. పోడు భూమి పట్టా కోసం ఫారం ‘ఎ’ నింపడానికి మన ఊళ్ళన్నీ పరుగెత్తాయి, న్యాయమే. సామూహిక హక్కుల కోసం ఉన్న ఫారం ‘బి’ని ఎన్ని ఊళ్ళు తెరిచి చూశాయి? అందులో చేపలు, నీటి వనరులు అనే వరస ఒకటి ఉంది. చాలా ఊళ్ళ కాగితాల్లో అది ఖాళీ.

దానికి సాక్ష్యం కావాలంటారు. సాక్ష్యం ఏమిటో ఆ చట్టం నిబంధనల్లో పదమూడోది చెబుతుంది. ఊరు మొదటి నుంచీ చేపలు పట్టుకునే చోట్లు సాక్ష్యం. పెద్దవాళ్ళు చెప్పిన మాటను రాసి పెడితే ఆ కాగితం సాక్ష్యం. చదువు రాని ముసలమ్మ నోటిమాట కూడా, రాసి పెట్టేవాడు ఉంటే, అధికారి ముందు నిలబడుతుంది.

సాటి ఉపాధ్యాయులారా, అందుకే వంట సంగతి ఇంత పొడుగున రాశాం. 2004 తరువాత కోయ, కువి, సవర, ఆదివాసీ ఒరియా లాంటి భాషల్లో బడి వాచకాలు వచ్చాయి. ఆ దారిలో మనం ఇంకొక పుస్తకం చేయవచ్చు, దానికి ఏ శాఖ అనుమతీ అక్కరలేదు. అయిదో తరగతి నుంచి పై పిల్లలకు ఒక నోటుబుక్కు ఇవ్వండి. ఇంటికి పోయి అవ్వనో తాతనో అడిగి ఆకు చేప చేసే తీరు రాసుకురమ్మనండి, ఇంటి భాషలో, తెలుగు లిపిలో. ఏ చేప, ఏ నెలలో, ఏ ఆకు, ఏ పులుపు. దానితో పాటు తప్పకుండా అడగవలసింది ఇంకొకటి ఉంది. ఆ చేప ఎక్కడ పట్టేవాళ్ళు? ఆ మడుగు పేరేమిటి, ఆ రేవు పేరేమిటి, ఆ బండ పేరేమిటి? ఇది ఎన్ని తరాలుగా నడుస్తోంది? పేరు లేని మడుగు మన దగ్గర ఉండదు. పేర్లు చెప్పగల ముసలివాళ్ళు మాత్రం ఏడాదికేడాది తగ్గిపోతున్నారు.

ముప్పై మంది పిల్లలు రాసుకొస్తే ముప్పై పేజీలు. పేజీ కింద చెప్పినవారి పేరు, ఊరు, తేదీ, వేలిముద్ర. వాటిని గ్రామసభ ముందు చదివి, అటవీ హక్కుల కమిటీ చేతిలో పెట్టి, ఒక నకలు బడిలో ఉంచుకుని, ఇంకొకటి ఫారం ‘బి’లో ఆ ఖాళీ వరస వెనక గుచ్చాలి. కమిటీవాళ్ళకు ఇచ్చేటప్పుడు రసీదు అడగడం మరిచిపోవద్దు.

ఆ నోటుబుక్కులు తేవడానికి పిల్లలు సిగ్గుపడితే, ముందు పంతులు తన ఇంటి పేజీ గట్టిగా చదవాలి. వీలైతే ఆ రోజు బడి వెనకే నిప్పులు వేసి, ఒక పొట్లం కాల్చి, అందరి ముందూ ఆకు విప్పాలి. వాసన నాలుగు గదులకూ పోనివ్వండి.